నూట అరవై ఎనిమిది గంటలు

పూర్వకెర్తో ఊళ్లో బస్ టెర్మినల్ వెనక సందులోకి వెళ్లి వాసిస్ ఇల్లెక్కడని అడిగితే ఎవరూ చెప్పలేరు. జోకీ వాసిస్ అనండి, లాండ్రీ ముసలమ్మ కూడా ఇస్త్రీపెట్టె పక్కన పెట్టి బయటికొచ్చి చూపిస్తుంది. అతను పందెపు గుర్రాలు తోలేవాడని ఆమె నమ్మకం. పూర్తిగా తప్పని అనలేం. ఒకరి గుర్రమెక్కి వాళ్లకి పందెం గెలిచిపెట్టేవాడు జోకీ అయితే, వాసిస్ ఒకరి ఆట తీసుకుని వాళ్లకి పూర్తిచేసి పెట్టేవాడు. ఊళ్లో ఆ పనికి పేరే జోకీ.

ఇప్పటి వీడియో ఆటలు ఒక గంటలో తేలిపోయే గోళీలాటలు కావు. ఒక్కొక్కటి ఒక్కో రాజ్యం. కత్తి కట్టుకుని గుర్రమెక్కి ఎటు బుద్ధి పుడితే అటు పోవచ్చు. తిరిగినంత మేర మ్యాపులో రంగు వస్తుంది, తిరగనిదంతా బూడిదగా ఉంటుంది. జనం సరదాపడి కొంటారు, పది గంటలు ఆడతారు, ఆ తర్వాత ఉద్యోగమో పెళ్లో నెత్తిన పడుతుంది. ఆ బూడిద రంగు మాత్రం కంట్లో నలుసులా ఉండిపోతుంది. అప్పుడు వాసిస్ గుర్తొస్తాడు. "ఫుల్ చేసిపెట్టు మస్" అంటారు. ఆ ఊళ్లో పిలుపులు అలాగే, కుర్రాడైతే మస్, అమ్మాయైతే మ్బా, పెద్దావిడ బూ, పెద్దాయన పక్. ఒక్క మూల కూడా మిగలకుండా తిరిగి, వెలిగించాల్సిన దీపాలన్నీ వెలిగించి, తవ్వాల్సినవన్నీ తవ్వి, నూటికి నూరు చేసి అతను తిరిగిచ్చేస్తాడు.

అతనికి ముప్పై నాలుగేళ్లు. గణాంకశాస్త్రం రెండేళ్లు చదివి మానేశాడు. తన డిగ్రీ ఒక్కటీ పూర్తిచేయలేని మనిషి ఇతరుల రాజ్యాలు అరవై ఒకటి పూర్తిచేశాడు. బొటనవేళ్ల మీద కాయలు కాశాయి, నడుముకి బెల్టు వచ్చింది, పెళ్లి మాత్రం రాలేదు. అక్క ఒక సంబంధం తెస్తే, ఏం చేస్తావు బాబూ అని పిల్ల తండ్రి అడిగాడు. ఆడతానండీ అన్నాడు మనవాడు. ఏ క్లబ్బుకి అని ఆయన ముచ్చటపడి కుర్చీ ముందుకు లాక్కున్నాడు. నిజం తెలిశాక టీ కూడా రాలేదు.

అయితే అతని దగ్గర ఒక విద్య ఉంది. ఏ ఆటైనా పేరు చెబితే చాలు, మెందోఅన్ బజ్జీలు నములుతూనే గంటలు చెప్పేస్తాడు. "కథ వరకూ అయితే నలభై రెండు. పక్క పనులతో కలిపి నూట అయిదు. ఫుల్ అయితే నూట అరవై ఎనిమిది." రెండు గంటలకు మించి తేడా వచ్చిన దాఖలా లేదు. ఊరికి ఆనుకుని ఉన్న అగ్నిపర్వతం ఎప్పుడు పేలుతుందో తెలియదు గానీ, వాసిస్ చెప్పిన పని ఎప్పుడు పూర్తవుతుందో అందరికీ తెలుసు. ఆ ఒక్క గర్వంతోనే అతను నిటారుగా నడిచేవాడు.

బూ కార్సినా అతని గుమ్మంలోకి వచ్చింది ఒక వానాకాలం పొద్దుటి పూట. యాభై అయిదేళ్ల మనిషి, తలకి ముసుగు, చేతిలో ప్లాస్టిక్ సంచి. సంచిలోంచి తువ్వాలులో చుట్టిన చిన్న ఆట యంత్రం తీసి, అప్పాలపళ్లెంలా రెండు చేతుల మీద పెట్టి చూపించింది.

"మస్, ఇందులో ఏడు కనుమల రాజ్యం అనే ఆటుందట. అదంతా అవ్వడానికి ఎన్నాళ్లు పడుతుంది?"

"ఫుల్ గానా బూ? నూట అరవై ఎనిమిది గంటలు. నాకు వదిలేస్తే నూట ముప్పైకే తెచ్చి చేతిలో పెడతా."

"అంతేనా?"

పన్నెండేళ్ల వృత్తిలో గంటల లెక్క విని గుండెలు బాదుకున్నవాళ్లే అందరూ. అంతేనా అన్న మనిషి ఇంతవరకూ తగల్లేదు. వాసిస్ నోట్లోది మింగేసి ఆమెని సరిగా చూశాడు.

"ఇంకా ఎక్కువ పట్టేట్టు ఏమీ చెయ్యలేరా మస్?"

అప్పుడు చెప్పింది. ఆమె భర్త పక్ తార్సున్. ముప్పై ఒక్కేళ్లు జకార్తా బస్సు తోలాడు. బస్సాపితే ప్యాసింజర్లు తిడతారని మూత్రం బిగబట్టుకోవడం, నిద్ర రాకుండా సీసా మందులు తాగడం, ఆ రెండూ కలిసి మూత్రపిండాల్ని తినేశాయి. ఏడాదిగా సోమవారం, గురువారం డయాలసిస్. రోజుకి మూడు గ్లాసులకు మించి నీళ్లు తాగకూడదు. ఇంటికొచ్చాక కాళ్లు మెలితిరిగి అరుస్తాడు.

"మొన్న చెప్పేశారు, ఇంక రానని. 'పంపుకి తగిలించిన ట్యాంకర్‌లా పడున్నాను, ఇదేం బతుకే' అన్నారు. మా అమ్మాయి ఏడ్చింది, నేనేడ్చాను, మసీదు పెద్దాయన వచ్చి నచ్చజెప్పారు. విన్లేదు. అయితే పక్క మంచం మాస్టారు ఈ ఆట ఆడుతుంటే ఈయన మెడ తిప్పకుండా చూస్తారు. నా చిట్టీ వంతు రాగానే పోయి కొనుక్కొచ్చా. 'ఈ ఆట మొత్తం అయ్యేదాకా డయాలసిస్‌కి రండి, తర్వాత మీ ఇష్టం, నేనేం మాట్లాడను' అన్నా. చాలాసేపు ఆలోచించి సరే అన్నారు."

"మంచిదే కదా బూ."

"ఆయన మాటంటే మాటే మస్. అదే నా భయం."

విషయమింతే. డయాలసిస్ మానేస్తే పది రోజులు, మహా అయితే పదిహేను. ఆట ఉన్నంతకాలం మనిషుంటాడు. వారానికి రెండు పూటలు, పూటకు నాలుగు గంటలు, మొత్తం ఎనిమిది. నూట అరవై ఎనిమిదిని ఎనిమిదితో భాగిస్తే ఇరవై ఒక్క వారాలు. వాసిస్ లెక్క ఠక్కున చేసేశాడు గానీ, చేశాక ఆ అంకె ఆమెకి చెప్పడానికి నోరు రాలేదు.

"ఆయనకి ఒక చేయి సూదుల్లో ఉంటుంది. మాస్టారికి అలవాటు, ఈయన ఒంటి చేత్తో ఆడలేరు. మీరు పక్కన కూచుని ఆడించాలి. మెల్లిగా" అంది బూ కార్సినా. తర్వాత మళ్లీ అంది, "బాగా మెల్లిగా."

*

వార్డులో పన్నెండు మంచాలు. పక్ తార్సున్‌ది అయిదోది, కిటికీ పక్క. మనిషి ఒకప్పుడు భారీగా ఉండేవాడని భుజాలు చెబుతున్నాయి, ఇప్పుడు లేడని చొక్కా చెబుతోంది. ఎడమ చేతిలోంచి రెండు గొట్టాలు యంత్రంలోకి పోతున్నాయి.

"నువ్వేనా జోకీవి? గుర్రం మీద కూచునేవాడికి ఇంత బొజ్జేంటయ్యా?"

"గుర్రానికి చెప్పకండి పక్. ఇప్పటిదాకా గమనించలేదది."

ముసలాయన నవ్వాడు. అక్కడితో స్నేహం కుదిరిపోయింది.

ఆ ఆట యంత్రానికి రెండు పక్కలా ఉండే పిడులు ఊడొస్తాయి. ఎడమ పిడితో నడవాలి, కుడి పిడితో చుట్టూ చూడాలి, కత్తి దుయ్యాలి, దూకాలి. నడిపే పిడి పక్ తార్సున్ తన కుడి చేతిలోకి తీసుకున్నాడు. రెండోది వాసిస్‌కిచ్చాడు. "స్టీరింగు నాది. నువ్వు క్లీనర్‌వి. వెనకా ముందూ చూసి రైట్ రైట్ చెప్పు" అన్నాడు. ఆ రోజు నుంచి మనవాడికి అదే పేరు. ఒకే మనిషి ఒళ్లు ఇద్దరు పంచుకున్నట్టు, ఒకడు నడుస్తూ ఒకడు చూస్తూ, మొదటి పూటంతా గోడలకి గుద్దుకున్నారు, రెండుసార్లు బావిలో పడ్డారు. నర్సులు కూడా వచ్చి నవ్విపోయారు.

"పక్, కథ పూర్తయితే చాలదా? మొత్తం మ్యాపు ఎందుకు?" అని ఒకనాడు అడిగాడు వాసిస్.

"ముప్పై ఒక్కేళ్లు ఒకటే రోడ్డయ్యా. బ్రెబెస్ ఊరు దాటాక ఎడమకి ఒక మట్టిరోడ్డు పోతుంది, రెండు పక్కలా చింతచెట్లు. రోజూ చూసేవాణ్ణి. ఎటు పోతుందో ఇవాళ్టిదాకా తెలీదు. బస్సులో యాభై మందుంటే ఎడమకి ఎలా తిప్పుతాం? ఇక్కడ ఎవరున్నారు, నువ్వొక్కడివి. కనిపించిన ప్రతి ఎడమకీ తిప్పుతా."

అలాగే తిప్పాడు. ప్రతి సందూ తిరిగాడు. వాసిస్ ఇన్నేళ్లూ రాజ్యాల్ని కూలికి కలుపు తీసినట్టు తీసుకుంటూ పోయినవాడే. ఒక కొండ మీద నిలబడి చుట్టూ చూడటం అతను ఎరగడు. ముసలాయన ప్రతి కొండ మీదా బండాపి, "ఉండవోయ్, చూడనీ" అనేవాడు. నాలుగో వారానికల్లా వాసిస్‌కి సోమవారం, గురువారం తప్ప మిగతా రోజులు చప్పగా అనిపించసాగాయి. ఆయనంటే ఇష్టం కలిగింది. తన తండ్రితో మాట్లాడినదానికంటే ఈయనతోనే ఎక్కువ మాట్లాడాడు. కూలి సంగతి బూ కార్సినా ఎత్తితే, మెందోఅన్ తెండి చాలని దాటేశాడు.

ఆలస్యం అమృతం విషం అంటారు పెద్దలు. ఇక్కడ ఆలస్యమే అమృతం. గుర్రముండగా నడిపించాడు. వంతెనుండగా ఏరు చుట్టి తీసుకుపోయాడు. తెలిసిన దారి తెలియనట్టు బుర్ర గోక్కున్నాడు. తొందరకి పేరుపడ్డవాడు నత్తలా పాకడం ఎంత కష్టమో వృత్తిలో ఉన్నవాళ్లకే తెలుస్తుంది. వంటమనిషి చేత కావాలని కూర మాడ్పించినట్టుంటుంది. ఎంత పాకినా అంకె మాత్రం పెరుగుతూనే వచ్చింది. నూటికి ముప్పై, నలభై ఆరు, అరవై రెండు. నూట అరవై ఎనిమిదిని అతను మహా అయితే నూట తొంభై చేయగలిగాడు, అంతకుమించి ఆట సాగదు.

మధ్యలో మంచాలు ఖాళీ అయ్యేవి. రెండో మంచం తాత ఒక గురువారం రాలేదు. ఎవరూ ఏమీ అడగలేదు. దుప్పటి మార్చి ఇంకొకరిని పడుకోబెట్టారు. ఆరో మంచంలో బూ వార్సీ అని ఒకావిడ, పక్ తార్సున్‌కి పొరుగు, ఆట చూస్తూ "ఆ దొంగని కొట్టండి, ఆ దొంగని" అని అరిచేది. ఒక సోమవారం ఆవిడా రాలేదు. ఆ పూట పక్ తార్సున్ గుర్రాన్ని కొండదారికి తిప్పాడు. చక్రం విరిగిన బావి దగ్గర గుర్రం కాలు జారింది. అక్కడే ఆపేశాడు.

*

అంకె ఎనభై ఎనిమిది దగ్గర ఉండగా బూ కార్సినా మళ్లీ సందులోకి వచ్చింది. ఈసారి కూచోలేదు.

"నిన్న నాతో పడీపడీ నవ్వారు మస్. ఏడాదైంది ఆ నవ్వు విని. ఇంకో రెండు నెలలు లాగండి. ఏదో ఒకటి చెయ్యండి. మీకు రానిదేముంది ఇందులో?"

వాసిస్‌కి రానిది లేకపోవడమే వచ్చిన తంటా. చార్జింగు కోసమని యంత్రం అతని దగ్గరే ఉండేది. ఆపిన ప్రతిసారీ ఆట అప్పటి స్థితికి ఒక ముద్ర వేసి దాచుకుంటుంది, పాత ముద్రకి వెనక్కి పోవాలంటే నాలుగు మీటలు నొక్కితే చాలు. జోకీల్లో ఇది మహాపాపం. ఒకరి ఆటని వెనక్కి తిప్పినవాడికి మళ్లీ ఎవరూ పని ఇవ్వరు. అతను టీ తాగాడు, ఇంకో టీ తాగాడు, తర్వాత మూడు వారాలు వెనక్కి తిప్పేశాడు.

సోమవారం పక్ తార్సున్ తెర చూసి, "డెబ్భై తొమ్మిదా? ఎనభై దాటామనుకున్నానే" అన్నాడు.

"కొత్త మార్పులేవో పంపారు పక్, కంపెనీవాళ్లు. కొత్త చోట్లు కలిపారు. అందుకని అంకె తగ్గింది."

"ఓహో. రోడ్లు వెడల్పు చేశారన్నమాట" అన్నాడు ముసలాయన, నమ్మాడు.

నమ్మేశాడు కాబట్టే అయిదు వారాల తర్వాత రెండోసారి చేయడానికి వాసిస్‌కి టీ కూడా అవసరం పడలేదు. మనిషి బతుకుతున్నాడు, ఇంట్లో నవ్వుతున్నాడు, నాలుగు మీటలకి ఇంత పుణ్యం దొరుకుతుంటే ఎవరు వదులుకుంటారు? ఈసారి ఇంకా వెనక్కి, బాగా వెనక్కి తిప్పాడు.

ఆ గురువారం కొండదారి ఎక్కారు. గుర్రం మలుపు తిరిగింది. చక్రం విరిగిన బావి కనిపించింది. పక్ తార్సున్ బొటనవేలు పిడి మీద ఆగిపోయింది.

"ఇక్కడికి వచ్చాం మనం."

"ఇలాంటి బావులు చాలా ఉంటాయి పక్. అన్నీ ఒకేలా—"

"వార్సీ రాని రోజు వచ్చాం. ఇక్కడే గుర్రం జారింది. ఇక్కడే ఆపాను." గొంతు పెంచలేదు. "నేను డ్రైవర్నయ్యా. వెయ్యి మైళ్లలో ఏ గుంట ఎక్కడుందో కళ్లు మూసుకుని చెబుతా. పోయినసారీ అనుమానమొచ్చింది. మా క్లీనర్ అలాంటివాడు కాదులే అనుకున్నా."

డయాలసిస్ యంత్రం గిర్రున తిరుగుతూ రక్తాన్ని లాగుతోంది, పంపుతోంది.

"ముప్పై ఒక్కేళ్లలో టిక్కెట్టు కొన్నవాణ్ణి ఒక్కసారైనా ఎక్కిన చోటికి తిప్పి తీసుకుపోయానా? వాన, వరద, అల్లర్లు, ఏదైనా సరే. ముందుకే. ఎవరు చెప్పారు నీకు ఈ పని చెయ్యమని? మా ఆవిడా?"

"నేనే పక్. నాకే తోచింది."

"అబద్ధం కూడా సరిగా ఆడలేవు." ముసలాయన కిటికీలోకి చూశాడు. కళ్లలో నీళ్లున్నాయి, కోపమో మరేమిటో. "నాకు ముసలితనముంది, జబ్బుంది, పిచ్చి లేదు. అందరూ కలిసి నన్ను పిచ్చివాణ్ణి చేశారు. సరే. ఆ పోయినదంతా తెచ్చే మీటేదో ఉండే ఉంటుంది. తే. నిజంగా ఎంత మిగిలిందో చెప్పు."

వాసిస్ కొత్త ముద్ర తెరిచాడు. "నూటికి తొంభై మూడు అయింది. ఇంకా పదమూడు గంటలు పక్."

"పదమూడు. ఇదైనా నిజమా?"

"నిజం పక్."

"అయితే పద."

ఆ పదమూడు గంటలూ వాసిస్ తన జీవితంలో ఎన్నడూ లేనంత నిజాయితీగా ఆడాడు. ఒక్క అడుగు వంకర వేయించలేదు. సిగ్గు అతన్ని కొరడాతో కొట్టి తోలింది. మెందోఅన్ ముట్టలేదు. ముసలాయన క్లీనర్ అని పిలవడం మానేసి "మస్" అన్నాడు, ఆ మర్యాద చెంపదెబ్బలా తగిలింది. బూ కార్సినా మంచం కాళ్ల దగ్గర కూచుని ఇద్దరి వేళ్ల వంకా చూసేది. భర్త ఏమని ఉంటాడో, ఆమె వాసిస్‌తో మాట కలపలేదు.

రెండో గురువారం మధ్యాహ్నం ఆఖరి దీపస్తంభం వెలిగింది. మ్యాపంతా రంగు వచ్చింది. నూరు. తెర మీద పువ్వులు రాలాయి.

"ఇంకేమైనా మిగిలిందా మస్? నిజం చెప్పు. ఈసారి నిజం చెప్పు."

"ఏమీ లేదు పక్. ఫుల్."

ఆ మాట అంటున్నప్పుడు అతనికి ఎంతో తేలికైంది. ఈసారి తేడా రాలేదు, మాట పోలేదు, మళ్లీ తను పాత వాసిసే. పక్ తార్సున్ సూదులు లేని చెయ్యి చాచి అతని చేతిని గట్టిగా పట్టుకున్నాడు. "బాగా తిరిగాం" అన్నాడు. తర్వాత నర్సుని పిలిచాడు.

సోమవారం అయిదో మంచంలో వేరే ఎవరో పడుకున్నారు.

*

తర్వాతి శనివారం, వాసిస్ గదికి రాత్రీ అనే పేరుగల బ్యాంకు ఉద్యోగిని ఒకమ్మాయి వచ్చింది. ఏడు కనుమల రాజ్యం, సగంలో ఆపేశాను, ఫుల్ చేసిపెట్టాలి అంది. అతను అలవాటు కొద్దీ, మనసు ఎక్కడో పెట్టుకుని చెబుతున్నాడు. కథ వరకూ నలభై రెండు, పక్క పనులతో...

"దీవి కూడా కలిపేనా మస్?"

"దీవి వేరే ఆర్డరు మ్బా. ఫుల్‌లో కలవదు. దానికి విడిగా నలభై గంట—"

నోరు అక్కడే ఆగిపోయింది.

ఆట వచ్చిన మరుసటి ఏడు కంపెనీవాళ్లు సముద్రం అవతల ఒక దీవి తయారుచేసి విడిగా అమ్మారు. కొనుక్కున్నవాళ్లకి వస్తుంది, దాని మ్యాపు వేరు, దాని అంకె వేరు. జోకీలందరిదీ ఒకటే పద్ధతి: ఫుల్ అంటే అసలు మ్యాపు నూరు, దీవిని అందులో లెక్కేస్తే గిరాకీతో తగవు. ఈ మాట వాసిస్ ఎంతమందితో అన్నాడో లెక్కలేదు. అంత నున్నగా అలవాటైపోయిన మాట కాబట్టే, మంచం మీద మనిషి ఇంకేమైనా మిగిలిందా అని అడిగినప్పుడు గిరాకీకి చెప్పినట్టు చెప్పేశాడు. నలభై గంటలు. పది పూటలు. అయిదు వారాలు. ఆయన అడిగింది జోకీని కాదు. ఇతను మాత్రం జోకీలా జవాబిచ్చాడు.

"ఏమైంది మస్?" అంటోంది ఆ అమ్మాయి. అతను అప్పటికే మోటారుసైకిలు తాళం వెతుక్కుంటున్నాడు.

పక్ తార్సున్ ముందుగదిలో చాప మీద పరుపేసుకుని పడుకుని ఉన్నాడు. మొహం ఉబ్బింది, ఊపిరి మెట్లెక్కుతున్నట్టు ఆగి ఆగి వస్తోంది. డయాలసిస్ ఆగి తొమ్మిది రోజులు. పక్కన నీళ్ల గ్లాసు, నిండుగా. ఇప్పుడు ఎన్ని తాగినా ఎవరూ అడ్డు చెప్పరు, తాగాలనే కోరికే పోయింది.

"పక్, మిగిలింది! దీవి ఒకటి మిగిలింది. నేను మర్చిపోయా. వేరేగా అమ్ముతారు దాన్ని, అందుకని లెక్కలో... నలభై గంటలుంది పక్. అంతా కొత్తది. ఒక్కసారీ తొక్కని నేల."

ముసలాయన కళ్లు మెల్లిగా తెరిచాడు. "ఎవరూ?"

"నేనే పక్. క్లీనర్ని."

బూ కార్సినా వంటింటి గుమ్మం పట్టుకుని నిలబడింది. వాసిస్ అక్కడికక్కడే దీవి కొన్నాడు, తన ఫోను సిగ్నలు పెట్టి దాన్ని ఆట యంత్రంలోకి దింపడం మొదలెట్టాడు. ఇంకా గంటా నలభై నిమిషాలని చూపించింది. పెరట్లోకి పోయాడు, రోడ్డు మీదికి పోయాడు, సిగ్నలు కోసం యంత్రాన్ని జ్వరమొచ్చిన పిల్లనెత్తుకున్నట్టు ఎత్తుకుని తిరిగాడు. అది దిగేసరికి ఆజాన్ వినబడింది, ఎండ వాలింది. పరుగున లోపలికొచ్చి, పిడి ఊడదీసి, ముసలాయన వాచిన వేళ్ల మధ్య పెట్టాడు.

తెర మీద పడవ ఒడ్డుకి చేరింది. నల్లటి ఇసుక, వెనక తాటిచెట్లు, ఆకాశంలో తెలియని పిట్టలు. మ్యాపంతా బూడిద. సున్నా.

"చూడండి పక్. సున్నా. రేపొచ్చే సోమవారం పోదాం. నేనే తీసుకెళతా, పొద్దున్నే వస్తా. ఎడమకి తిప్పండి, ఏముందో నాకూ సరిగా గుర్తులేదు."

పక్ తార్సున్ బొటనవేలు కాస్త కదిలింది. తెర మీద మనిషి ఇసుకలో రెండడుగులు వేశాడు. ముసలాయన కళ్లు చిట్లించి చాలాసేపు చూశాడు.

"ఇది ఉత్తరం కోట కింది చెరువుగట్టు" అన్నాడు ముసలాయన. "రంగు మార్చావు."

"లేదు పక్! ఒట్టు, మా అమ్మ మీద ఒట్టు. బూ, మీరైనా చెప్పండి!"

ఆమె ఏం చెబుతుంది, ఆమెకి ఏ కోటా ఏ చెరువూ తెలియదు. "పోదామండీ" అంది, అంతే. "ఇంకొక్క సోమవారం."

"ఇద్దరూ ఇద్దరే" అన్నాడు పక్ తార్సున్. చిరాకు లేదు, పిల్లల అల్లరి చూసి విసిగినవాడి నవ్వు ఉంది. "ఒకసారి నమ్మాను. రెండోసారి కనిపెట్టాను. మూడోసారి కూడా ఏంటయ్యా? మంచివాడివే నువ్వు. నీకిది తగదు." పిడిని చాప మీద పెట్టేసి గోడ వైపు తిరిగాడు.

వాసిస్ ఇంకా ఏవేవో చెప్పాడు. ఫోనులో దీవి బొమ్మలు, ఎవరెవరో రాసినవి, దాని ధర, తారీకు, అన్నీ ఆ వీపుకి చూపించాడు. అన్నీ నిజాలే. ఒక్కటీ పనికిరాలేదు. తన మాటకి ఊళ్లో ఉన్న విలువంతా ఒక్క మనిషి దగ్గర కావాల్సొచ్చింది, ఆ ఒక్క మనిషి దగ్గరే అది లేదు.

మంగళవారం పొద్దున పోయాడు.

ఏడో రోజు ప్రార్థనలకి సందులోవాళ్లూ, పాత బస్సు డ్రైవర్లూ వచ్చారు. వాసిస్ గుమ్మం దగ్గర చెప్పుల మధ్యే కూచున్నాడు. అందరూ అన్నం పొట్లాలు పట్టుకుని వెళ్లిపోతుంటే, బూ కార్సినా అతన్ని ఆపింది. వారం రోజుల్లో మొహం పీక్కుపోయింది. పక్కకి తీసుకెళ్లి గొంతు తగ్గించింది.

"ఒక్కటడుగుతా మస్. నిద్ర పట్టట్లేదు నాకు. ఆ దీవి నిజంగా ఉందా?"

వాసిస్ ఆమెని చూశాడు. ఉందంటే అయిదు వారాలు. ఉందంటే ఆ శనివారం ఇంకాస్త గట్టిగా బతిమాలి ఉండాల్సింది, కూతుర్ని పిలిపించి ఉండాల్సింది, ఎత్తుకునైనా తీసుకుపోవాల్సింది అని బతికినన్నాళ్లూ ఈమె అనుకుంటుంది.

"లేదు బూ. ఆయన చెప్పిందే నిజం. చెరువుగట్టే అది. రంగు మార్చాను."

ఆమె కళ్లు మూసుకుంది. పట్టి ఉంచిన ఊపిరి వదిలింది. అతని చేతిలో అన్నం పొట్లం పెట్టింది.

"నేనే అడిగాననుకోండి, తప్పు నాదే. కానీ చావుబతుకుల్లో ఉన్న మనిషితో ఆఖరి రోజుల్లో కూడానా మస్? ఆయన ఎంత బాధపడ్డారో మీకు తెలీదు. ఇంకెవరి దగ్గరా ఇలా చెయ్యకండి."

"చెయ్యను బూ" అన్నాడు వాసిస్.